దణ్ణాల రాయి నుంచి

గురజాల
1958 జూన్ 8, ఆదివారం

ఈ పుస్తకం సర్కారు వారిది. సాగరు కుడికాలవ సర్వే కోసం ఇచ్చిన ఫీల్డు బుక్కుల్లో ఒకటి మిగిలిపోయింది. తిరిగి ఇస్తే దాన్ని ఎక్కడ పెట్టాలో తెలియక ఆఫీసు గుమాస్తా ఇబ్బంది పడతాడు. ఆయన క్షేమం కోరి నేనే ఉంచుకున్నాను. పేజీకి మూడు గళ్ళున్నాయి: ఎక్కడి నుంచి, ఎక్కడికి, రిమార్క్సు. మనిషి బతుకు రాసుకోవడానికి ఇంతకంటే గళ్ళు అక్కర్లేదు.

ఎవరూ చదవరు గనక అన్నీ నిజాలే రాస్తాను.

యేసుపాదం, బి.ఏ. తాత్కాలిక సర్వేయరు, జూలై నెలాఖరు వరకు. యువజన పఠనమందిరం కార్యదర్శి, జీతం లేదు. దేవమ్మ గారి ఏకైక పుత్రుడు, తిండి ఉంది.

పంచాయతీ రేడియోలో నలుగురు పెద్దలు కూర్చుని ఒకరి మాటకు ఒకరు అడ్డం పడకుండా దేశసమస్యలు చర్చించడం విన్నప్పటి నుంచి మా కమిటీకి కూడా అలాంటిది ఒకటి పెట్టాలని కోరిక. విషయం నేనే సూచించాను: వ్యభిచారం, కొత్త చట్టం. ఆ చట్టం మే ఒకటి నుంచి అమల్లోకి వచ్చిందట. కుర్రప్లీడరు ప్రభాకరరావు దాన్ని ఇంగ్లీషులో చదివి నాకు తెలుగులో చెప్పాడు. ఇద్దరికీ సగం సగం అర్థమైంది. మొత్తం కలిపితే ఒకటి అవుతుందనుకున్నాం.

కరపత్రం మీద ఆ మాట అచ్చు వేయనన్నాడు ప్రెస్సు ఆయన. 'ఒక సాంఘిక దురాచారం' అని వేశాడు. సారా గురించి అనుకుని ఎంతమంది వస్తారో.

జూన్ 15, ఆదివారం

గోష్ఠి జయప్రదమైంది. ఎవరూ కొట్టుకోలేదు.

వేదిక మీద నాలుగు కుర్చీలు. ఒక దాంట్లో రైసుమిల్లు సత్యనారాయణగారు, ఆయనే గుడికి ధర్మకర్త. ఒక దాంట్లో మా ఏలియా పాస్టరుగారు. ఒక దాంట్లో ప్రభాకరరావు. నాలుగోది అధ్యక్షుడి హోదాలో నాది. పిడుగురాళ్ళ నుంచి తెప్పించిన మైకు కూత పెట్టినప్పుడల్లా దాని మెడ పట్టుకునే బాధ్యత కూడా నాదే.

స్త్రీల గురించిన చర్చ గనక లోపల స్త్రీలకు చోటు లేదు. కిటికీల బయట నిలబడి వినవచ్చునని కమిటీ పెద్దమనసుతో తీర్మానించింది.

సత్యనారాయణగారు సంఘం పాడైపోతున్నదని చెప్పారు. పాస్టరుగారు ముప్పావుగంట క్షమ గురించి మాట్లాడి ఎవర్నీ క్షమించకుండా కూర్చున్నారు. ప్రభాకరరావు సెక్షన్లు చదివాడు. జనం ఆవలించడం చూసి నేను మైకు అందుకున్నాను.

"సోదరులారా, మన పెద్దలు పాపాన్ని మనసుతో కొలిచారు. మన సర్కారు గజాలతో కొలిచింది. గుడికి గానీ, బడికి గానీ, ఆసుపత్రికి గానీ రెండు వందల గజాల లోపు ఆ వృత్తి చేస్తే నేరం, ఆ ఇంటి నుంచి ఖాళీ చేయించవచ్చు. అంటే నూట తొంభై తొమ్మిదో గజంలో ఉన్న మంచం నరకానికి పోతుంది. రెండు వందల ఒకటో గజంలో ఉన్న మంచం మీద మామూలుగా పడుకోవచ్చు."

హాలు పడిపోయేట్టు నవ్వారు. బాగా అన్నాను. బాగానే అన్నానని ఇప్పుడు కూడా అనిపిస్తోంది.

అప్పుడు కిటికీ బయటి నుంచి ఒక ఆడగొంతు. "అయ్యా, ఒక మాట అడగొచ్చునా?"

నాగరత్నం. గుడివీధిలో ఉంటుంది. నలభై దాటి ఉంటుంది. వాళ్ళ అమ్మమ్మ గుళ్ళో ఆడేదట. ఈమె నాటకాల వాళ్ళకు పద్యాలు నేర్పుతుంది. ఊరు ఆ ఇంటి మాట ఎత్తినప్పుడు పద్యాల మాట మాత్రం ఎత్తదు.

"గుడికి దూరంగా పొమ్మంటున్నారు. మేమేం గుడి దగ్గరికొచ్చి ఇల్లు కట్టుకోలా. గుడే మా అమ్మమ్మని పిలిచి ఇల్లిచ్చింది. ఇప్పుడు గిట్టకపోతే గుడే కాస్త జరగొచ్చుగా?"

అందరూ నా వైపు చూశారు. ఇలాంటప్పుడు నా నోరు నన్నడగదు.

"గుడి జరగడం కష్టం. రథాన్ని జరపడానికే ఏటా వందమంది కావాలి. నిన్ను జరపడానికయితే ఒక్క కానిస్టేబులు చాలు."

చప్పట్లు. ఈలలు. కిటికీ దగ్గర ఆమె ఇంకా ఉందో లేదో నేను చూడలేదు. మైకు మళ్ళీ కూత పెట్టింది, దాని సంగతి చూడాల్సి వచ్చింది.

చివర్లో సత్యనారాయణగారు నా భుజం మీద చెయ్యి వేశారు. కాదు, వేయబోయి తువ్వాలు సర్దుకున్నారు. "కొలిస్తే పోలా, అబ్బయ్యా? నీ దగ్గర గొలుసుందిగా. సర్కారు గొలుసు. దానికంటే సాక్ష్యం ఏముంది?"

జూన్ 16, సోమవారం

కొలిచాను.

పొద్దున్నే కరీముల్లాను లేపాను. కరీముల్లా మా సర్వే ఖలాసీ. యాభై ఏళ్ళ మనిషి, గొలుసు వెనక కొస పట్టుకుని పల్నాడంతా తిరిగినవాడు. గొలుసు ఇరవై రెండు గజాలు. గుడివీధి తిన్నగా ఉంటుంది గనక పని పది నిమిషాలు. ముప్పై మంది చూడ్డానికి వచ్చారు. పెళ్ళికొడుకులా నడిచాను.

దణ్ణాల రాయి దగ్గర కొస పెట్టమన్నాను. ఆ రాయి గుడివీధికి పక్కగా, మోకాలెత్తు ఉంటుంది. దుర్గి ఊరి నుంచి తెచ్చిన రాయి, నున్నగా.

కరీముల్లా వంగినవాడు మళ్ళీ లేచాడు. "ఇక్కణ్ణుంచా, బాబూ?"

"ఇంకెక్కణ్ణుంచి?"

"సరే."

రాయి నుంచి నాగరత్నం ఇంటి మెట్టు వరకు ఎనిమిది గొలుసులా పది గజాలు. నూట ఎనభై ఆరు.

సత్యనారాయణగారి అరుగు మీద కాగితం రాసి సంతకం పెట్టాను. కాఫీ ఇచ్చారు. మిగతావాళ్ళకు వెండిగ్లాసుల్లో, నాకు గాజుగ్లాసులో. గాజుగ్లాసులో కాఫీ రంగు చక్కగా కనబడుతుంది. కాలవ ఆఫీసు ఇంజనీరుగారు ఆయనకు బాగా తెలుసట, నా పని పర్మనెంటు చేయించడం ఎంతసేపు అన్నారు.

అంకెకు జాలీ కోపమూ ఉండవు. నేను కొలిచాను, అంతే.

జూన్ 17

ఆకలి బాగానే ఉంది.

జూన్ 24, మంగళవారం

నాగరత్నానికి కోర్టు నుంచి నోటీసు వచ్చిందట. గుడికి రెండు వందల గజాల లోపు ఆ ఇల్లు ఫలానా పనికి వాడబడుతున్నదని సమాచారం అందింది, ఎందుకు ఖాళీ చేయించకూడదో వచ్చి చెప్పుకోవాలని. సత్యనారాయణగారి ఫిర్యాదు, పక్కన జతచేసిన కొలత కాగితం. 'కొలిచినవాడు: యేసుపాదం, బి.ఏ.' అని ఉంది. బి.ఏ. నేనే రాశాను. ఎందుకు రాశానో. కొలతకు డిగ్రీ అక్కర్లేదు.

ఆమె ఇంటి వెనక గోడా సత్యనారాయణగారి మిల్లు గోదాము గోడా ఒకటేనని ఈ రోజే తెలిసింది. అందరికీ తెలుసట. నాకు మాత్రం ఎవరూ చెప్పలేదు. నేను అడగనూ లేదు.

ప్రభాకరరావు ఆమె తరఫున వకాలతు వేశాడు. "నువ్వు సాక్షివి" అన్నాడు నాతో.

"నేను గోష్ఠి అధ్యక్షుణ్ణి."

"రెండూ నువ్వేరా."

అమ్మ అన్నం పెడుతూ అడిగింది. "ఆమె జోలి నీకెందుకురా? నీకేం చేసింది?"

"నేనేం చేశాను? గొలుసు పట్టుకున్నా."

"ఉరితాడు పట్టుకున్నోడూ అదే అంటాడు" అని పచ్చడి వేసింది. మా అమ్మకు చదువు లేదు గనక ఇలాంటివి తెలియకుండా అంటూ ఉంటుంది.

జూన్ 25

ఆకలి బాగానే ఉంది.

జూన్ 26

అంత బాగా లేదు. పచ్చడి కారం ఎక్కువైంది.

జూన్ 29, ఆదివారం

ప్రార్థన అయ్యాక నాగరత్నం ఇంటికి వెళ్ళాను. పట్టపగలు, వీధివాకిలి నుంచి, కావాలని గట్టిగా దగ్గుతూ వెళ్ళాను. ఈ వ్యవహారంలో నాకు వ్యక్తిగతంగా ఏ సంబంధమూ లేదని ఆమెకు తెలియజేయడం నా విధి అనిపించింది.

హాల్లో హార్మణీ ఉంది. ఒక పిల్ల నేల మీద కూర్చుని పద్యం చదువుతోంది. చివరి పాదం దగ్గర ప్రతిసారీ ఊపిరి చాలడం లేదు. నాగరత్నం ఆమెను లోపలికి పంపి నాకు పీట వేసింది.

నువ్వు అనాలా, మీరు అనాలా? మైకులో 'నిన్ను' అన్నాను. ఇంట్లోకి వచ్చి పీట మీద కూర్చున్నాక ఆ మాట రాలేదు. క్రియ లేకుండా వాక్యాలు చెప్పడానికి కాసేపు ప్రయత్నించాను.

"నీళ్ళు తాగు అబ్బయ్యా. అధ్యక్షులు గదా, గొంతెండి ఉంటది."

తాగాను. ఇత్తడి చెంబు. అరుగు మీద కాదు, హాల్లో. ఈ సంగతి ఎందుకు రాస్తున్నానో తెలియదు.

"నాకు సంబంధం లేదండి" అన్నాను. "కొలవమన్నారు, కొలిచాను."

"తెలుసులే. బాగా నడిచావు. కిటికీలోంచి చూశా."

నేను అడగవలసింది అడిగాను. కార్యదర్శిగా నిజం తెలుసుకోవాలి గదా అని నాకు నేను చెప్పుకున్నాను. "మరి... మీరు... చట్టంలో చెప్పింది..."

"చట్టంలో ఏమని రాశారు?"

"డబ్బు తీసుకుని..."

ఆమె కాసేపు హార్మణీ మీద దుమ్ము తుడిచింది.

"మా అమ్మమ్మ సంగతి దేవుడికెరిక. నా కాడికి కరణంగారు ఇరవై ఏళ్ళొచ్చారు. ఆయన పోయి మూడేళ్ళు. డబ్బులిచ్చారు. బియ్యమేయించారు. జొరమొస్తే పక్కన కూర్చుని మందు పట్టారు. ఏది దేనికిచ్చారో ఎప్పుడూ చెప్పలా. నేనూ అడగలా. ఇప్పుడు మీ చట్టం ఏమంటది? మందు తీసేసి లెక్కెయ్యాలా, కలిపి లెక్కెయ్యాలా?"

ఆ లెక్క ప్రభాకరరావుకు అర్థమైన సగంలో ఉండి ఉండవచ్చు.

"ఇప్పుడొచ్చేది నాటకాలోళ్ళు. రాత్రిళ్ళు కూడా వస్తారు, పగలు పొలం పన్లుంటయ్ గనక. పద్యం రాత్రి నేర్చుకుంటే పాపం, పగలు నేర్చుకుంటే కళ." నవ్వింది. నా జోకుల్లాగే ఉంది. నా జోకులు ఇంకొకరి నోట వినడం బాగాలేదు.

ట్రంకుపెట్టెలోంచి ఒక కాగితం తీసి చూపించింది. వాళ్ళ అమ్మమ్మకు గుడి ఇచ్చిన ఇంటి కాగితం. గంట కొడితే వినపడి, స్నానం చేసి, హారతి వేళకు చేరుకోగలిగినంత దగ్గరలో ఇల్లు ఇప్పించడమైనది, అని ఉంది. చదువుతుంటే గుళ్ళో గంట మోగింది. ఇద్దరం విన్నాం. చక్కగా వినపడుతుంది.

లేస్తుంటే అడిగింది. "రాయి కాణ్ణుంచి కొలిచావంటగా? గుమ్మం కాణ్ణుంచి కొలవలేదేం?"

"అక్కణ్ణుంచేగా గుడి."

ఆమె నన్ను చాలాసేపు చూసింది. చూపులో కోపం ఉంటే బాగుండేది.

"ఓహో. నీకు అక్కణ్ణుంచా" అంది. తర్వాత, "అవును. మీకు రాయి పెట్టారు. మాకు ఇల్లు పెట్టారు."

జూన్ 30, సోమవారం

కాలవ గట్టు మీద పని. ఆమె అన్నదానికి అర్థం లేదు.

కరీముల్లాను అడిగాను, యథాలాపంగా. "ఆ రోజు ఎందుకడిగావు, ఇక్కణ్ణుంచా అని?"

"గుడంటే గుమ్మం గదా, బాబూ. రాయి రోడ్డు మీద రాయి."

"మరి చెప్పవేం?"

"నువ్వు సర్వేయరువి. నేను కొస పట్టుకునేవాణ్ణి. అడిగా. ఇంకెక్కణ్ణుంచి అన్నావు." గొలుసు మడుస్తూ మెల్లగా అన్నాడు. "నువ్వు ఆణ్ణే ఆగిపోయావు బాబూ. గుమ్మం కాడికి పోదామని నేను నాలుగడుగులేశా గూడా. నువ్వు రాలా."

నాకు గుర్తు లేదు. నాలుగడుగులు వేశాడా?

అదే రోజు, సాయంత్రం

అమ్మను అడిగాను. ఆ రాయి ఏమిటని.

"ఏ రాయి?" అంది, తెలిసి.

"దణ్ణాల రాయి."

అమ్మ వడ్లు చెరుగుతోంది. చేట ఆగలేదు. "మీ తాత ఆణ్ణే నిలబడేవోడు. మనోళ్ళంతా ఆణ్ణే. అక్కణ్ణుంచే దణ్ణం. పూజారి టెంకాయ చిప్ప తెచ్చి రాయి మీద పెట్టి పోతే తీసుకునేవోళ్ళు. మీ తాత బాప్తిస్మం తీసుకున్నాక గూడా తిరనాళ్ళకి పోయి నిలబడేవోడు. పాస్టరుగారు కోప్పడితే, దేవుడి కోసం కాదయ్యా, అలవాటు, అనేవోడు."

"నేనెప్పుడైనా వెళ్ళానా?"

"రథం చూస్తానని ఏడిస్తే తీసుకుపోయా. నాలుగేళ్ళు నీకు. చెయ్యి విదిలించుకుని ఉరికావు. రాయి కాడ పట్టుకున్నా." చేట ఆపింది. "గట్టిగా పట్టుకున్నా. రెండ్రోజులు వాచింది నీ చెయ్యి."

ఏ చెయ్యి అని అడగలేదు.

బి.ఏ. చదివాను. గుంటూరులో హోటళ్ళలో ముందు బల్ల దగ్గరే కూర్చున్నాను. అంటరానితనం నేరమని మూడేళ్ళ కిందటే చట్టం వచ్చింది, దాని మీద కూడా పఠనమందిరంలో గోష్ఠి పెట్టాను. ఆ గోష్ఠిలో కూడా బాగానే నవ్వించాను.

జూలై 4

గుమ్మానికీ రాయికీ మధ్య ఎంత ఉంటుంది? కంటి అంచనా నలభై గజాలు. నూట ఎనభై ఆరూ నలభై. రెండు వందల ఇరవై ఆరు. ఇల్లు చట్టానికి అవతల పడుతుంది.

కంటి అంచనా సాక్ష్యం కాదు.

జూలై 5

కొలత తప్పని చెబితే ఎక్కడ తప్పిందో అడుగుతారు. అక్కడే ఎందుకు మొదలుపెట్టావని అడుగుతారు. ఊరంతా వస్తుంది. నవ్వడం వాళ్ళకు నేనే నేర్పాను.

జూలై 9

సత్యనారాయణగారు పిలిపించారు. "పొట్టిగా చెప్పు, అబ్బయ్యా. ఎన్ని గజాలంటే, నూట ఎనభై ఆరు. అంతే. నీ ఉద్యోగం సంగతి ఇంజనీరుగారితో మాట్లాడా."

గాజుగ్లాసు. ఈసారి రంగు చూడలేదు. తాగలేదు కూడా. వేడిగా ఉందని చెప్పాను.

జూలై 10

నేను చెప్పేది అబద్ధం కాదు. రాయి నుంచి నూట ఎనభై ఆరే. ఎవరైనా కొలుచుకోవచ్చు.

జూలై 13, ఆదివారం

పాస్టరుగారు ఈ వారం కూడా క్షమ గురించే. నా వైపు చూస్తున్నారనిపించింది. ఆయనకు మెల్లకన్ను.

జూలై 20, ఆదివారం

రేపు కోర్టు. అమ్మ చొక్కా ఇస్త్రీ చేసింది. "ఏం చెబుతావురా?" అంది.

"అడిగింది చెబుతా."

ఆకలి బాగానే ఉంది. ఉందా?

జూలై 21, సోమవారం

ఉన్నది ఉన్నట్టు రాస్తాను. అక్షరాలు కాలవ గట్టులా వంకరపోతున్నాయి.

కోర్టు హాలు నిండిపోయింది. గోష్ఠికి వచ్చినవాళ్ళే అంతా. కిటికీలు కూడా నిండాయి. ఈసారి నాగరత్నం లోపల ఉంది.

సత్యనారాయణగారి తరఫున గుంటూరు నుంచి పెద్దప్లీడరు వచ్చాడు. నన్ను బోనెక్కించి, "ఎన్ని గజాలు?" అన్నాడు.

"నూట ఎనభై ఆరండి."

"చాలు" అని కూర్చున్నాడు. ఇంతేనా అనిపించింది. దిగబోయాను.

ప్రభాకరరావు లేచాడు. "ఎక్కడి నుంచి?"

"దణ్ణాల రాయి నుంచండి."

"గుడి గుమ్మం నుంచి ఆ రాయికి ఎంత దూరం?"

"తెలీదండి."

"సర్వేయరువి. ఈ ఊళ్ళో పుట్టావు. తెలీదా?"

"ఎప్పుడూ పోలేదండి."

"ఎందుకు పోలేదు?"

నాలుక మీదికి మూడు జోకులు వచ్చాయి. ఒకటి జారింది. "ఆ దేవుడికీ నాకూ పరిచయం చేసేవాళ్ళు దొరకలేదండి."

నవ్వారు. మేజిస్ట్రేటుగారి మీసం కూడా కదిలింది. చల్లగా, హాయిగా అనిపించింది. ఇంకొకటి వేస్తే ఈ పూట గడిచిపోతుంది, నన్నెవరూ ఇంకేమీ అడగరు. నాగరత్నం వైపు చూశాను. ఆమె నవ్వలేదు, కోప్పడలేదు. పద్యం చివరి పాదం దగ్గర ఆ పిల్లకు ఊపిరి అందుతుందా లేదా అని చూస్తుందే, అలా చూస్తోంది.

"మా తాతను అక్కడ ఆపారండి" అన్నాను. "నన్ను మా అమ్మ అక్కడ పట్టుకుని ఆపింది. నాలుగేళ్ళప్పుడు. ఆ రోజు కొలిచేటప్పుడు నన్నెవరూ ఆపలేదండి. నేనే ఆగిపోయా. గుడి అక్కడి నుంచే అనుకున్నా. అనుకోను గూడా లేదు. కాళ్ళు ఆగినయ్, గొలుసు పెట్టా."

ఎవరూ నవ్వలేదు. నవ్వితే బాగుండేది.

ఇక ఆమె ఇల్లు ఆమెకు దక్కినట్టే అనుకున్నాను. కానీ గుంటూరు ప్లీడరు సంతోషంగా లేచాడు. "చిత్తం. సాక్షి మంచిమాట చెప్పాడు. ఆ రాయి దగ్గర తరతరాలుగా జనం దణ్ణాలు పెట్టారు. జనం దణ్ణం పెట్టేది ప్రార్థనాస్థలమే. కాబట్టి రాయి నుంచి కొలవడమే న్యాయం. నూట ఎనభై ఆరు ఖాయం."

మా తాత దణ్ణాలు పట్టుకుపోయి ఆమె ఇంటికి తాళం వేస్తున్నారు. అది నేనే చేతికిచ్చాను.

ప్రభాకరరావు తాపీగా కాగితాలు సర్దుకున్నాడు. "చాలా సంతోషం. ధర్మకర్తగారి చేత ఆ మాటే వాంగ్మూలంగా ఇప్పిస్తే మాకు అభ్యంతరం లేదు. గుడి హద్దు ఆ రాయి. కొందరు జనాన్ని అక్కడ ఆపేవారు. ఎవరిని, ఎందుకు, ఎవరు ఆపేవారో కూడా చెప్పిస్తే బాగుంటుంది. యాభై అయిదు నాటి అంటరానితనం చట్టం నా దగ్గర ఉంది. ఆ వాంగ్మూలం పక్కనే దాఖలు చేసుకుంటాను."

మేజిస్ట్రేటుగారు సత్యనారాయణగారి వైపు తిరిగారు. "ఏమండీ? గుడి ఎక్కడి నుంచి మొదలవుతుంది?"

ఆయన తువ్వాలుతో మెడ తుడుచుకున్నారు. ప్లీడరు ముఖం చూశారు. నా ముఖం చూడలేదు.

"గుమ్మం కాణ్ణుంచేనండి. ఆ రాయికీ గుడికీ ఏం సంబంధం లేదు. అదెవరో ఉత్తినే పాతారు."

గుమ్మం నుంచి రేపు మళ్ళీ కొలవాలని, కోర్టు అమీను దగ్గరుండాలని, రెండు వందలు దాటితే నోటీసు రద్దని ఉత్తర్వు అయింది.

ఉత్తినే పాతిన రాయి. మా తాత నలభై ఏళ్ళు ఉత్తినే నిలబడ్డాడు.

ఇంటికి వచ్చాక అమ్మకు చెప్పాను, ఆయన అన్న మాట. అమ్మ నా కుడిచెయ్యి తీసుకుని మణికట్టు దగ్గర రుద్దింది. అయితే కుడిచెయ్యి.

జూలై 22, మంగళవారం

కొలిచాను.

అమీను గొడుగు వేసుకుని వచ్చాడు. వీధికి రెండు పక్కలా జనం. పోయినసారి కంటే ఎక్కువ, పోయినసారి కంటే నిశ్శబ్దం. ఈసారి పెళ్ళికొడుకులా నడిచానని చెప్పలేను.

కరీముల్లా గొలుసు భుజాన వేసుకుని ముందు నడిచాడు. రాయి దగ్గరికి వచ్చాం.

ఆగాయి. నా కాళ్ళే. నిన్న కోర్టులో అన్నీ చెప్పినవాణ్ణి, రాత్రంతా రెండు చట్టాలూ మనసులో వల్లె వేసినవాణ్ణి, ఆగిపోయాను. పేరులోనే పాదం పెట్టుకుని ఒక్క అడుగు పడలేదు. ఎదురుగా ఎవరూ లేరు. పూజారి గుమ్మంలో నిలబడి పక్కకు చూస్తున్నాడు.

కరీముల్లా నాలుగడుగులు వెళ్ళి వెనక్కి చూశాడు. ఆ రోజు కూడా ఇలాగే చూసి ఉంటాడు.

"రా బాబూ. నేనొక్కణ్ణే కొలిస్తే చెల్లదు."

ఏదో ఒక జోకు వెయ్యాలని చూశాను. దొరకలేదు. వెళ్ళాను.

గుమ్మం దగ్గర రాయి పరుపు చల్లగా ఉంది. చెప్పులు వదలాలో వద్దో తెలియలేదు, వదిలాను. ఎవరూ ఏమీ అనలేదు. నేనే వంగి కొస పెట్టాను. కరీముల్లా ముందు కొస పట్టుకుని నడిచాడు.

పది గొలుసులా ఆరు గజాలు. రెండు వందల ఇరవై ఆరు.

అమీను రాసుకున్నాడు. నోటీసు రద్దు. జనం కాసేపు నిలబడి, ఏం చెయ్యాలో తెలియక, వెళ్ళిపోయారు.

నాగరత్నం మెట్టు మీద నిలబడి ఉంది. గొలుసు ముందు కొస ఆమె కాళ్ళ దగ్గర ఉంది. నేను ఏదో అనాలని ఎదురుచూసింది. క్షమించమని అనాలని వచ్చినవాణ్ణి, "ఇల్లు మీదేనండి" అన్నాను. తహశీల్దారులాగా.

"మా ఇల్లేగా" అంది. "అది కాదు గానీ అబ్బయ్యా, ఒకటి చెప్పు. ఇంకో ముప్పై గజాలు ఇటు కట్టి ఉంటే నేను చెడ్డదాన్ని. అటు కట్టారు గనక కాదు. నిన్న కోర్టులో అంతమంది మాట్లాడారు. నేను అదేనా కాదా అని ఒక్కడూ అడగలా. నువ్వొక్కడివి అడిగావు, నీళ్ళు తాగి."

"మీరు చెప్పలేదండి."

"నువ్వు అడిగింది తెలుసుకుందామని కాదుగా" అంది. కోపంగా కాదు. "నోటీసు పోయింది. పేరు పోలా. రేపట్నించి పద్యాలు పగలు చెప్పుకోవాలేమో, పొలాలు మానేసి ఎవరొస్తారు?"

గెలిచామా? ఎవరు? నేను ఒక చట్టం పట్టుకుని ఆమెను బయటకు తోశాను, ప్రభాకరరావు ఇంకో చట్టం పట్టుకుని లోపలికి తెచ్చాడు, రెండు చట్టాలూ ఆ రాయి మీద కూర్చుని ఒకదాన్నొకటి చూసుకున్నాయి. మధ్యలో ఆమె ఎవరో నాకు ఇప్పటికీ తెలియదు. నేనెవరో కూడా పోయిన నెల తెలిసినంత బాగా తెలియదు.

లోపల ఆ పిల్ల పద్యం మొదలుపెట్టింది. నాగరత్నం తల తిప్పి విన్నది. చివరి పాదం దగ్గర ఇద్దరం ఊపిరి బిగబట్టాం. ఈసారి అందింది.

"ఆ" అంది నాగరత్నం, లోపలికి. నాకు కాదు.

జూలై 31, గురువారం

పని ఈ రోజుతో ఆఖరు. పొడిగించలేదు. ఇంజనీరుగారికి సత్యనారాయణగారు బాగా తెలుసన్నది నిజమే.

గొలుసు అప్పగించాను. గుమాస్తా ఫీల్డు బుక్కులు లెక్కపెట్టి ఒకటి తక్కువైందన్నాడు. ఇవ్వవలసిందే. గుమ్మం నుంచి తీసిన కొలత ఏ ఫీల్డు బుక్కులోనూ ఎక్కలేదని ఇంతవరకూ ఎవరూ చూడలేదు. అమీను కాగితం మీదే ఉంది. సర్వేయరు తన పుస్తకంలో రాసుకోవాలి, అది నియమం. నేను రాసుకున్న మిగతా పేజీలు చింపి ఉంచుకుని, ఈ ఒక్క పేజీతో పుస్తకం రేపు ఇచ్చేస్తాను.

ఎక్కడి నుంచి: గుడి గుమ్మం.

ఎక్కడికి: నాగరత్నంగారి ఇంటి మెట్టు. 226 గజాలు.

రిమార్క్సు: నలభయ్యో గజం దగ్గర ఒక రాయి ఉంది. సర్వేయరు అక్కడ ఆగాడు. గొలుసు ఆగలేదు.